నలభై ఒకటో పేరా

జూన్ 9

కొత్త ఫైలు వచ్చింది. నగరపు ప్రధాన మురుగుకాలువ పని. కాంట్రాక్టరుకూ పనుల శాఖకూ వచ్చిన తగవులో మధ్యవర్తి తన నిర్ణయాన్ని కాంట్రాక్టరుకు అనుకూలంగా అవార్డుగా రాసి ఇచ్చాడు; దానిని కోర్టు చేత కొట్టివేయించమని శాఖ మా సీనియర్ ప్లీడరు గారిని ఆశ్రయించింది. అట్ట మీద పని పేరు చదివి కుర్చీలో కూర్చున్నాను. ఫైళ్ళను నిలబడి చదవడం నా అలవాటు.

చేయవలసినవి:
1. అవార్డు ప్రతులు తీయించి కుట్టడం.
2. కాంట్రాక్టు షరతులు విడిగా కుట్టడం.
3. సాక్షుల వాంగ్మూలాలకు పేజీ నంబర్లు.
4. అన్నయ్య పని చేసిన కాలువ ఇదేనా అని చూడడం.

మొదటి మూడూ పూర్తయ్యాయి.

జూన్ 10

ఇదే.

జూన్ 12

అవార్డు మొత్తం చదివాను. చదవకుండా విషయసూచిక తయారుచేసే గుమాస్తాను కాను. కాలేజీ గడప తొక్కనివాడిని. నాకు వచ్చిన న్యాయశాస్త్రమంతా దారంతో కాగితాలు కుట్టుకుంటూ, కుట్టే ముందు చదువుకుంటూ నేర్చినదే. కనుక ఇది కూడా పనిలో భాగంగానే చదివాను. నలభై ఒకటో పేరాను సూచిక కోసం ఇక్కడ ఎత్తి రాసుకుంటున్నాను:

"కందకం కూలిపోవడానికి కాంట్రాక్టరు వద్ద పనిచేసే సైటు సూపర్‌వైజరు, పైవారి ఆదేశమేదీ లేకుండా, తన సొంత నిర్ణయంతో మట్టిగోడలకు దన్నుగా నిలిపిన చెక్కలను తీయించడమే ఏకైక కారణం. ఈ విషయంలో ఇరుపక్షాలకూ వివాదం లేదు. సదరు సూపర్‌వైజరు ఆ ప్రమాదంలోనే మరణించాడు."

సదరు సూపర్‌వైజరు మా అన్నయ్య. పేరు కూడా రాయలేదు.

నాలుగేళ్ళ క్రితం అన్నయ్య పోయినప్పుడు కాంట్రాక్టరు కంపెనీ మేనేజరు మా ఇంటికి వచ్చి, ఎవరి తప్పూ లేదనీ మట్టి ఉన్నట్టుండి విరుచుకుపడిందనీ వదినతో చెప్పాడు. మధ్యవర్తి ముందు కాంట్రాక్టరు తరఫున సాక్ష్యం చెప్పింది ఆ మేనేజరే. శాఖ తరఫున చెప్పింది ఆనాడు కందకం ఒడ్డున నిలబడి ఉన్న ఇంజనీరు. ఇద్దరి వాంగ్మూలాలూ పక్కపక్కన పెట్టుకుని చూశాను. వానలు ఎన్నాళ్ళు కురిశాయో చెప్పడంలో కొట్టుకున్నారు. గొట్టాల నాణ్యత దగ్గర కొట్టుకున్నారు. చివరికి మట్టి రంగు దగ్గర కూడా కొట్టుకున్నారు. మా అన్నయ్య దగ్గరికి వచ్చేసరికి చేతులు కలిపారు. చెక్కలు తీయమని మేనేజరు చెప్పి ఉంటే మేనేజరు జవాబు చెప్పుకోవాలి. తీస్తుంటే చూస్తూ ఊరుకుని ఉంటే ఇంజనీరు జవాబు చెప్పుకోవాలి. అన్నయ్య తీయించాడంటే ఎవరూ జవాబు చెప్పుకోనక్కరలేదు.

జూన్ 13

వదినకు చెప్పలేదు. చెప్పవలసిన అవసరం ప్రస్తుతానికి లేదు.

జూన్ 15

సీనియర్ గారికి నేను ఆ సూపర్‌వైజరు తమ్ముణ్ణని తెలియదు. తెలిస్తే ఫైలు నా చేతిలోంచి తీసుకుంటారు. ఇంకొకరు కుడితే పేజీలు తారుమారు కావడం ఖాయం. ఆఫీసు శ్రేయస్సు దృష్ట్యా చెప్పలేదు.

ఈ రోజు ఆయన తన దగ్గర పని నేర్చుకుంటున్న జూనియర్ ప్లీడరు అమ్మాయికి పాఠం చెబుతుంటే విన్నాను. అవార్డు మీద కోర్టుకు వెళ్ళడం అప్పీలు కాదట. సాక్షుల్లో ఎవరిది నిజమో కోర్టు మళ్ళీ తూచి చూడదు. మధ్యవర్తి కాంట్రాక్టు గీసిన గీత దాటాడా, ఎదుటివాడి మాట వినకుండా తేల్చాడా, ఒక చేత్తో రాసినదాన్ని ఇంకో చేత్తో చెరిపాడా, ఇటువంటివే చూస్తుంది. మధ్యవర్తి నిజమని తేల్చిన సంగతి తప్పయినా సరే, తేలినట్టే.

నేను అల్మారా సర్దుతూ, అవార్డులో సంబంధం లేని మూడో మనిషి మీద మాట పడితే ఏం చేస్తారని అడిగాను.

"మూడో మనిషెవరయ్యా ఇండెక్సూ?" అన్నారు. ఆఫీసులో నా పేరు అదే. "ఒప్పందం మీద సంతకాలు పెట్టింది ఇద్దరు. ఫోటో దిగేటప్పుడు వెనకాల నడిచిపోయినవాడొకడు వచ్చి, అందులోంచి నా మొహం తీసెయ్యండంటే తీస్తారా?"

జూనియర్ అమ్మాయి నవ్వింది. నేనూ నవ్వాను.

మిగిలింది ఒకటే దారి. అవార్డు మొత్తంగా పోవాలి. మొత్తం పోతే నలభై ఒకటో పేరా కూడా పోతుంది. శాఖ గెలుపు మా ఆఫీసు గెలుపు. ఒక గుమాస్తాగా నేను కోరుకోవలసింది అదే. అంతకు మించి నాకేమీ లేదు.

జూన్ 18

రికార్డు గదిలో చప్పుడు. టక్ టక్. కాస్త ఆగి, టక్.

అన్నయ్యకు ఏ గదిలో అడుగుపెట్టినా వేలిముడితో గోడ కొట్టి చూసే అలవాటు ఉండేది. కందకంలో మట్టిగోడను ఇనపకడ్డీతో కొట్టి, చెవి వంచి వినేవాడు. గట్టి మట్టిది ఒక చప్పుడు, లోపల నీరు పట్టినదానిది ఒక చప్పుడు అనేవాడు. ఇంట్లోకి వచ్చాక కూడా ఆ చెయ్యి ఊరుకునేది కాదు. ఒకసారి బంధువుల కొత్త ఇంటికి వెళితే, వాళ్ళు కాఫీ తెచ్చేలోపల హాలు చుట్టూ కొట్టి వచ్చి, "లోపల తడి ఉంది" అన్నాడు. ఆ తర్వాత వాళ్ళు మమ్మల్ని పిలవలేదు. వదినను చూడడానికి వెళ్ళినప్పుడు తలుపు చట్రం మీద కొట్టి "గట్టిగానే ఉంది" అన్నాడట. ఆ మాట తన గురించేమో అనుకున్నానని వదిన చెప్పి చెప్పి నవ్వేది.

పాత భవనం. గొట్టాలు చప్పుడు చేస్తాయి.

జూన్ 23

మళ్ళీ.

జూన్ 26

వదినకు తెలిసిపోయింది. నేను చెప్పలేదు, తానే లాగింది. కింద వాటాలో వదినా, వాళ్ళమ్మాయీ. పై గదిలో నేను. కంచం ముందు కూర్చుని నీళ్ళు మాత్రమే తాగి లేస్తున్నానట.

నలభై ఒకటో పేరా చదివి వినిపించాను. వదిన బట్టలు మడత పెడుతూ విన్నది. మడత పెట్టడం ఆపలేదు. అన్నయ్య అటువంటి పని చేసే మనిషి కాడనీ ఇద్దరూ కూడబలుక్కున్నారనీ, నా దగ్గరున్న ఆధారాలన్నీ వరసగా చెప్పాను. ఆరో ఆధారం దగ్గర ఆపింది.

"తీయించి ఉండొచ్చు మరిదీ."

నేను ఏడో ఆధారం మొదలుపెట్టబోయాను.

"ఆయన తొందర నీకు తెలీదా? నాకు తెలుసు. సాయంత్రానికల్లా గొట్టం దించేద్దాం అనుకుని ఉంటాడు. లేదూ, వాళ్ళే తీయమని ఉంటారు. నేను చూడలేదు, నువ్వూ చూడలేదు. కానీ అంతమంది ఒడ్డున నిలబడితే, తప్పు మాత్రం గోతిలో ఉన్నవాడొక్కడిదే ఎట్లా అయింది? ఆ మాట తీయించగలవా?"

తీయించగలనన్నాను.

"పిల్లకి చెప్పకు" అన్నది. అన్నయ్య కూతురు పాలిటెక్నిక్‌లో సివిల్ చదువుతోంది. తండ్రి పనే తానూ చేస్తానని పట్టుబట్టి చేరింది. వాళ్ళ పాఠాల్లో కందకాలు ఉంటాయి, కాంట్రాక్టులు ఉంటాయి.

వదిన అన్న మొదటి మాటను లెక్కలోకి తీసుకోనక్కరలేదు. దుఃఖంలో ఉన్నవాళ్ళు ఏదో అంటారు.

జూలై 1

దొరికింది.

అరవై ఏడో పేరాలో, కందకం కూలాక పని ఆగిపోయిన కాలానికంతా కాంట్రాక్టరుకు శాఖ పరిహారం ఇవ్వాలని మధ్యవర్తి రాశాడు. కాంట్రాక్టు ఇరవై ఎనిమిదో షరతు ఏమంటుందంటే, కాంట్రాక్టరు మనుషుల తప్పు వల్ల పని ఆగితే ఏ పరిహారమూ లేదు. తప్పు కాంట్రాక్టరు మనిషిదేనని నలభై ఒకటిలో రాసి, అరవై ఏడులో పరిహారం ఎలా ఇస్తాడు? రెండు పేరాలకూ ఎర్ర చీటీలు, షరతుకు పచ్చ చీటీ అంటించి సీనియర్ గారి ముందు పెట్టాను. ఇంత లావు రికార్డులో ఈ మూడు పేజీలనూ ఎవరూ కలిపి చూడలేదు. ఆయన రెండుసార్లు ముందుకూ వెనక్కూ తిప్పారు. కళ్ళజోడు తీశారు.

"నువ్వు నల్లకోటు వేసుకోవలసినవాడివయ్యా" అన్నారు.

నలభై అయిదేళ్ళ వయసులో మొదటిసారి ఆ మాట విన్నాను. బస్సు ఎక్కకుండా నడిచి వచ్చాను. దారిలో అన్నయ్యతో చెబుతున్నట్టు ఒకటి రెండు మాటలు పైకి అన్నానేమో కూడా.

జూలై 2

పొద్దున గడ్డం గీసుకుంటుంటే తట్టింది. ఈ వాదన నిలబడాలంటే నలభై ఒకటో పేరా నిజం కావాలి.

కాదు. అవార్డు పోతే అందులో ఉన్నవన్నీ పోతాయి. ఇది ముందే తేల్చుకున్న సంగతి.

జూలై 3

అవార్డు పోతే అందులో ఉన్నవన్నీ పోతాయి.

జూలై 20

వాదనలు ముగిశాయి. సీనియర్ గారి వెనక నిలబడి, అడిగిన పేజీ అడిగినట్టు అందించడం నా పని. నలభై ఒకటో పేరా మూడుసార్లు చదివారు. మంచి గొంతు. మూడోసారి "తన సొంత నిర్ణయంతో" అన్న చోట ఆగి, న్యాయమూర్తి వైపు చూసి, నెమ్మదిగా మళ్ళీ చదివారు. నేను రాసుకున్న సూచిక ప్రకారమే ఆ పేజీ క్షణంలో తెరుచుకుంది. ఒక్కసారి కూడా తడుముకోలేదు.

న్యాయమూర్తి కాంట్రాక్టరు తరఫు ప్లీడరును, ఈ సంగతి మీరు కాదంటారా అని అడిగారు. కాదనలేదు. ఎలా అంటాడు? అతని సాక్షే చెప్పాడు. తప్పు సూపర్‌వైజరుదే అయినా పని తిరిగి మొదలుపెట్టడానికి అనుమతి ఇవ్వడంలో శాఖ ఆలస్యం చేసిందని ఏదో చెప్పుకున్నాడు.

ఆ హాలులో అన్నయ్య సంగతి తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణి. నన్ను అడగలేదు. నేను పేజీలు తీసేవాణ్ణి.

టక్ టక్. కోర్టు హాలులో. అందరికీ వినపడేంత గట్టిగా. న్యాయమూర్తి తల ఎత్తి చూశారు కూడా.

జూలై 21

రికార్డు గదిలో పని చేస్తుంటే మళ్ళీ మొదలైంది. జూనియర్ అమ్మాయి అక్కడే ఉంది. ఈ గొట్టాలకు ఎవరైనా మరమ్మతు చేయిస్తే బాగుండునని ఆమెతో అన్నాను. ఆమె నా వైపు వింతగా చూసింది.

"ఇండెక్స్ గారూ, కొడుతున్నది మీరే కదండీ."

నా చేతిలో పెన్సిలు ఉంది. దాని వెనక భాగం బల్ల మీద ఉంది.

"నెల రోజులుగా కొడుతున్నారు. నిన్న కోర్టులో కూడా మీరే. నేను మీ చెయ్యి పట్టుకుందామనుకున్నాను, బాగోదని ఊరుకున్నాను."

ఇకనుంచి పెన్సిలు వాడను. పెన్ను మూతతో సహా జేబులోనే ఉంచుకుంటాను.

జూలై 24

పెన్సిలు లేదు. అయినా రాత్రి నా గదిలో వినిపించింది.

ఆగస్టు 14

తీర్పు వచ్చింది. అవార్డు కొట్టివేశారు. మొత్తంగా.

సీనియర్ గారు అందరికీ టీ తెప్పించి, "ఈ గెలుపు ఇండెక్సుది" అని ప్లీడర్ల గది నిండా చెప్పారు. ఎవరో నా వీపు తట్టారు.

తీర్పు పందొమ్మిదో పేరా, సూచిక కోసం:

"ఇరుపక్షాలూ అంగీకరించిన ప్రకారం, కాంట్రాక్టరు సూపర్‌వైజరు నిర్లక్ష్యమే ఈ ప్రమాదానికి ఏకైక కారణం. ఇది నిర్వివాదాంశం. ఈ పునాది మీదనే అవార్డులోని స్వవిరోధం బయటపడుతున్నది."

అవార్డులో "సొంత నిర్ణయం" అని ఉండేది. ఇక్కడ "నిర్లక్ష్యం" అయింది. అది ఇద్దరి మధ్య ఒక గదిలో నడిచిన వ్యవహారం. ఇది కోర్టు మాట.

సాయంత్రం వదిన గుమ్మంలోనే అడిగింది.

"పోయిందా?"

"అవార్డు కొట్టేశారు వదినా."

తలుపు చట్రం పట్టుకుని కాసేపు నిలబడింది. తర్వాత లోపలికి వెళ్ళి, చాలా రోజుల తర్వాత రేడియో పెట్టింది.

ఆగస్టు 15

అబద్ధం చెప్పలేదు.

ఆగస్టు 17

అవార్డు కొట్టేశారన్నది నిజం. అడిగినదానికి జవాబు చెప్పాను.

ఆగస్టు 25

న్యాయపత్రిక వాళ్ళు తీర్పు అచ్చు వేస్తారట. మంచి పాయింటు కనుక మిగతా కోర్టుల్లోనూ ఎత్తి చూపుకుంటారని సీనియర్ గారి సంబరం. ప్రతి సిద్ధం చేయమన్నారు. ఇంటికి వచ్చేసరికి అన్నయ్య కూతురు మెట్ల మీద కూర్చుని పుస్తకం చదువుకుంటోంది. వాళ్ళ కాలేజీ లైబ్రరీకి న్యాయపత్రికలు కూడా వస్తాయా అని మాటవరసకు అడిగినట్టు అడిగాను. కాంట్రాక్టుల పాఠం కోసం తెప్పిస్తారు బాబాయ్ అన్నది. ఏ పత్రిక అని అడిగితే, అదే పేరు చెప్పింది.

లోపలికి వెళ్ళి తీర్పు వదిన చేతిలో పెట్టాను. కళ్ళజోడు వెతుక్కుని, పందొమ్మిదో పేరా వేలు పెట్టి చదివింది.

"ఇదెవరు కనిపెట్టారు? ఈ రెండు ముక్కలూ కలపడం?"

"నేనే."

 తిడితే బాగుండేది. రేడియో కట్టేసి వచ్చింది.

"ఇది రాసేముందు ఆయన తరఫున ఎవర్నయినా అడిగారా?"

చనిపోయినవాణ్ణి ఎలా అడుగుతారన్నాను.

"నేనున్నానుగా. నువ్వయితే అక్కడే నిలబడ్డావుగా."

ఆగస్టు 27

వదిన మాట నేను కుట్టిన ఏదో కాగితంలో చదివినట్టే అనిపించి, రికార్డు గదిలో పాత తీర్పులు దించాను. దొరికింది. చాలా ఏళ్ళ క్రితం నా చేతులతో కుట్టినదే. ఎవరి మధ్యనో నడిచిన దావాలో, పార్టీయే కాని ఒక డాక్టరు మీద కోర్టు ఒక మాట రాసింది. తనను వినకుండా తన మీద రాశారని డాక్టరు మనవి చేసుకున్నాడు. కోర్టు ఆ మాట తీసివేసింది.

అవార్డులో ఉన్నంత కాలం ఆ వాక్యాన్ని మేము ముట్టుకోలేకపోయాం. తీర్పులోకి వచ్చింది కనుక ముట్టుకోవచ్చు. అక్కడికి తెచ్చింది నేనే. ఇది నాకు ఊరట కలిగించాలో, సిగ్గు కలిగించాలో తేల్చుకోలేకపోయాను.

జూనియర్ అమ్మాయికి చూపించి, చనిపోయినవాడి తరఫున భార్య ఇలా అడగవచ్చునా అన్నాను. అడగవచ్చునన్నది. ఆ తర్వాత నా చేతివైపు చూసింది.

"ఇండెక్స్ గారూ, ఎవరండీ ఆ సూపర్‌వైజరు?"

"మా అన్నయ్య."

ఈ భవనంలో ఆ మాట నేను పైకి అనడం అదే మొదలు.

ఆగస్టు 28

సీనియర్ గారికి చెప్పాను. ఆయన అరుస్తారనుకున్నాను. అరవలేదు.

"మొదటి రోజే చెప్పాలి కదయ్యా."

"చెబితే ఫైలు తీసుకునేవారు."

"తీసుకునేవాణ్ణే." కిటికీ వైపు తిరిగారు. "ఆ పేరా నేను మూడుసార్లు చదివాను. మూడుసార్లూ పేజీ తీసిచ్చింది నువ్వు."

 ఆ మాట తీసివేయమని మా వదిన వేయబోయే పిటిషనులో శాఖ ప్రతివాది అవుతుంది కనుక నేను ఈ ఆఫీసులో ఉండడం ధర్మం కాదని చెప్పి, అల్మారా తాళాలు బల్ల మీద పెట్టాను. ఏ తాళం దేనిదో చీటీ కట్టి ఉంచాను. గుమ్మం దాకా వచ్చాక ఆయన వెనకనుంచి, పిటిషను చిన్నదిగా ఉంచమన్నారు. పెద్ద పిటిషన్లు జడ్జీలు చదవరట.

ఆగస్టు 30

ఈ రోజంతా కింద హాల్లో కూర్చుని రాశాను. పదకొండు కారణాలు తేలాయి. అన్నయ్య అనుభవం, అతని జాగ్రత్త, మట్టిని కొట్టి చూడనిదే గోతిలోకి మనిషిని దించని అలవాటు, ఇద్దరు సాక్షుల స్వప్రయోజనం, అన్నీ వరుసక్రమంలో. అంత మంచి జాబితా నేను ఎన్నడూ తయారుచేయలేదు. వదినకు చదివి వినిపించాను. అన్నయ్య కూతురు కూడా వచ్చి తల్లి పక్కన కూర్చుంది. వెళ్ళమని వదిన అనలేదు. ఇద్దరి కళ్ళూ చూశాక, వదిన పిల్లకు అంతా చెప్పేసిందని అర్థమైంది.

"అవన్నీ కొట్టేయి" అన్నది వదిన.

ఎందుకని అడిగాను. ప్రతిదానికీ ఆధారం ఉందన్నాను.

"ఆయన తప్పు చెయ్యలేదని రాయకు. మనం చూడలేదు. రేపు వాళ్ళు ఇంకో సాక్షిని తెస్తే, మనమే ఆయన్ని రెండోసారి గోతిలోకి తోసినట్టవుతుంది. అడగలేదని రాయి. అది ఎవరూ కాదనలేరు."

పిల్ల ఏదైనా అంటుందేమోనని చూశాను. అది గోడకు ఆనుకుని కూర్చుంది. దాని చెయ్యి వెనక్కి వెళ్ళి, వేలిముడితో గోడను కొడుతోంది. టక్ టక్. కాస్త ఆగి, టక్. దానికి ఆ అలవాటు ఎప్పటినుంచి ఉందో నేను ఏనాడూ గమనించలేదు. ఇన్నాళ్ళూ కింద గదిలోంచి వచ్చినదెంతో, నా చేతిలోంచి వచ్చినదెంతో ఇక తేల్చలేను.

"గట్టిగానే ఉందా?" అన్నాను.

అది చెవి వంచి మళ్ళీ ఒకసారి కొట్టింది.

"లోపల తడి ఉంది బాబాయ్."

కొత్త కాగితం తీసుకున్నాను.

పిటిషనుకు కారణాలు:
1. ఆయన తరఫున ఎవరినీ అడగలేదు.

రెండవది లేదు.